తప్పెవరిదైనా దేవసహాయానిదే

పోయిన వారం ఎస్తేరమ్మను గడపలో నిలబెట్టి వచ్చేశాం. పాపం, ఆమె ఒక కాలి చెప్పు విప్పింది, రెండోది ఇంకా విప్పలేదు. కొడుకు ఆనంద్‌కు పిల్లను చూద్దామని హిందూపురం నుంచి కారు మాట్లాడుకొని పెనుకొండ వచ్చిన మనిషి, ఎదురొచ్చి "వందనాలమ్మా" అన్న పిల్ల తండ్రి మొహం చూడగానే అట్లాగే ఆగిపోయింది. వాళ్లు అసలే ఆలస్యంగా వచ్చారు. ఆలస్యం రైల్వే గేటు వల్ల అని డ్రైవరు, డ్రైవరు వల్ల అని ఆనంద్, ఆనంద్ అద్దం ముందు నుంచి కదలకపోవడం వల్ల అని ఎస్తేరమ్మ వాదించుకుంటూ దిగారు. ఆ వాదన తేలకముందే ఇది జరిగింది.

పిల్ల తండ్రి దేవసహాయం కూడా ఆమెను గుర్తుపట్టాడు. ధర్మవరంలో ఒక పట్టుచీరల దుకాణంలో జుట్టు నెరిసేదాకా పనిచేసినవాడికి చీరలు కొన్నవాళ్లు గుర్తుండకపోవచ్చు గానీ, గొడవకొచ్చినవాళ్లు గుర్తుంటారు. ఈమెది తెల్లపట్టు, మెరూన్ అంచు. నిరుడు ఆమె పెద్దకూతురి పెళ్లిలో, చర్చిలో ప్రమాణాలు ముగిసి భోజనాలకు లేచేసరికి, పెళ్లికూతురి చెమటకు అంచు రంగు కారి తెల్లచీర కాస్తా గులాబీ చీర అయింది. పెళ్లి ఫోటోలన్నిటిలో అదే గులాబీ. ఆ చీరను కౌంటర్ మీద పరిచి ఎస్తేరమ్మ నిలదీసిన రోజున యజమాని వేణుమాధవ్ ఆమె కళ్లెదుటే దేవసహాయాన్ని పనిలోంచి తీసేశాడు.

తీసేశాడంటే నిజంగా తీసేయడం కాదు. మొదటినుంచీ చదువుతున్నవాళ్లకు ఈ భాగోతం తెలుసు. కొత్తగా వచ్చినవాళ్లకు చెప్పకపోతే తప్పు నాదంటారు కాబట్టి మళ్లీ చెబుతాను.

ఆ దుకాణంలో అదొక పద్ధతి. గొడవకొచ్చినవాళ్ల గొంతు పెరగగానే వేణుమాధవ్ కళ్లద్దాలు తీసి కౌంటర్ మీద పెడతాడు. అది సైగ. దేవసహాయం ఏ మూల ఉన్నా వచ్చి, కౌంటర్ ముందర తలవంచుకొని నిలబడాలి. చీర అమ్మింది ఇంకో గుమాస్తా కిషోర్ అయినా, నేసింది ఎవరైనా, రంగు వేసింది ఇంకెవరైనా "వీడేనమ్మా, వీని నిర్లక్ష్యమే" అని వేణుమాధవ్ మొదలుపెడతాడు. చివరికి "రేపటినుంచి రావద్దు పో" అంటాడు. దేవసహాయం మెడలోని కొలతల టేపు తీసి కౌంటర్ మీద పెట్టి, అందరికీ దండం పెట్టి, వెనక గుమ్మంలోంచి వెళ్లిపోతాడు. వెనక సందులో జయమ్మ టీ అంగడి ఉంది. అక్కడ టీ, బోండా దుకాణం ఖాతాలో. ఒక మనిషి కూటికి అడ్డం పడ్డామే అని గొడవకొచ్చినవాళ్ల కోపం చల్లారిపోతుంది. ఏదో ఒక చీర మార్చి ఇస్తే నోరెత్తకుండా పట్టుకొని పోతారు. తర్వాత కిషోర్ వచ్చి "పోయినారన్నా, రా" అంటాడు.

వేణుమాధవ్ నాయన కాలం నుంచి ఇదే. నాయన పోయి కొడుక్కి దుకాణం వచ్చింది, దుకాణంతోబాటు దేవసహాయమూ వచ్చాడు. మొదటిసారి తీసేసిన రోజున దేవసహాయం భార్య మేరీ రాత్రంతా ఏడ్చింది. ఇప్పుడు సాయంత్రం రైలు దిగి ఇంటికొస్తే "ఈ పొద్దు ఉండాదా, పోయినాదా?" అని అడిగి, జవాబు వినకుండానే కూరలు తరుక్కుంటుంది.

సరే, ఎస్తేరమ్మ రెండో చెప్పు కూడా విప్పి లోపలికి వచ్చింది. దేవసహాయం కళ్లు మూసుకున్నాడు. తిట్లు పడేముందు కళ్లు మూసుకోవడం ఆయనకు అలవాటు. అంతకంటే ఎక్కువగా ఆయనకు కూతురు గుర్తొచ్చింది. రేఖ, ఆనంద్ ఇద్దరూ ఎర్రమంచి కార్ల ఫ్యాక్టరీలోనే పని. ఫ్యాక్టరీ బస్సులో పరిచయం. ఆ పిల్ల చిన్నప్పటినుంచీ నోరు తెరిచి ఇది కావాలని అడిగింది లేదు. ఈ సంబంధం మాత్రం కావాలని అడిగింది. అడిగిన ఒక్కటీ తన మొహం వల్ల పోతుందా అని ఆయన భయపడ్డాడు.

"నన్ను క్షమించన్నా" అంది ఎస్తేరమ్మ.

దేవసహాయం కళ్లు తెరిచాడు. ఎదురుగా ఆమె చేతులు జోడించి నిలబడి ఉంది. కళ్లనిండా నీళ్లు.

"నువ్వే గదన్నా. ఆ పొద్దు నా కండ్ల ముందర టేపు తీసి ఆడ పెట్టి, దండం పెట్టి పోయినావు. నా వల్ల నీ పని పోయినాది. ఇంటికి పోయినాక కూడు దిగలేదు నాకు."

"అమ్మా, అది…"

"నువ్వేం చెప్పొద్దు. నాతో వచ్చిన మా తమ్ముడు అరిచినాడని అందరితో చెప్పుకుంటా వచ్చినా. వాడు కాదు, అరిచింది నేను. తప్పు నాది. ప్రతి శుక్రవారం మా ఆడోళ్ల కూటంలో నీ కోసం ప్రార్థన చేస్తాండాం. పేరు తెల్దు గదా, 'పని పోయిన ఆ అన్న' అనే దేవునికి చెప్పుకుంటాండాం."

తప్పులు తెచ్చి తన నెత్తిన పెట్టినవాళ్లను దేవసహాయం చాలామందిని చూశాడు. దుకాణంలో చీర రంగు పోయినా, ఇంట్లో ఉప్మా అడుగంటినా, చర్చిలో మైకు పనిచేయకపోయినా అందరి చూపూ ఆయన వైపే తిరుగుతుంది. ఆయన నెత్తిమీది తప్పును లాక్కొని తన నెత్తిన పెట్టుకున్న మనిషి మాత్రం ఇన్నేళ్లలో ఈమె ఒక్కతే. ఆ సంతోషం వెనకాలే సిగ్గు కూడా వచ్చింది. లేని కష్టానికి ఈమె ఏడాదిపాటు ఏడ్చింది.

చెప్పేద్దామనుకున్నాడు. నా పని ఎక్కడికీ పోలేదమ్మా, నిన్న కూడా పోయొచ్చినా అని ఒక్క ముక్క. నోరు తెరిచాడు కూడా.

"ఇప్పుడు యాడ చేస్తాండావన్నా? పాస్టరుగారు ఏదో చీరల అంగడన్నాడు" అని ఎస్తేరమ్మ అడిగింది.

"వేరే అంగడి వదినా! చిన్నది. ఏదో జరుగుతాండాది" అంది వంటింటి గుమ్మంలోంచి మేరీ.

అబద్ధం చెప్పి మేరీ మొగుని వైపు ఒక చూపు చూసింది. ఇట్లాంటి అబద్ధం నా చేత చెప్పించింది నువ్వే అని ఆ చూపుకు అర్థం. టీ గ్లాసులు తెస్తున్న రేఖ నడిగదిలోనే ఆగిపోయింది. ఆనంద్ గోడమీది వాక్యాల క్యాలెండరును శ్రద్ధగా చదువుతున్నాడు. ఆ పేజీలో ఉన్నది ఒక్కటే వాక్యం, అతను చాలాసేపు చదివాడు.

ఎస్తేరమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంది. తుడుచుకున్నాక ఆమె మొహం మారింది. ఆడోళ్ల కూటానికి పెద్దగా ఉన్న మనిషి కదా, ఏడుపు అయిపోగానే పనిలోకి దిగుతుంది.

"లేన్నా. బయట కారు ఉండాది. ధర్మవరం పోదాం."

"ఇప్పుడా అమ్మా?"

"ఇప్పుడే. నా నోటితో పోయిన పని నా నోటితోనే రావాల. ఆ సావుకారుతో నేను మాట్లాడతా. అంతవరకు ఈ ఇంట్లో టీ తాగను, పెండ్లి మాట ఎత్తను."

"ఇప్పుడెందుకమ్మా అవన్నీ? అయిపోయిందేదో అయిపోయింది" అన్నాడు ఆనంద్, క్యాలెండరు మీంచి చూపు తిప్పకుండా.

"నువ్వు సుమ్మనుండు. ఈడనే ఉండి పిల్లతో మాట్లాడు."

దేవసహాయం చొక్కా జేబు తడుముకున్నాడు. ఇస్త్రీ చొక్కా జేబులో కూడా అలవాటుకొద్దీ టేపు పెట్టుకున్నాడు. పొద్దున మేరీ చూసి, పెళ్లిచూపుల రోజున కూడా ఇదేం కర్మ అని అరిచింది. ఇప్పుడు ఆ టేపును జేబులోకి ఇంకా లోతుగా తోసుకొని కారెక్కాడు.

దారి పొడుగునా ఎస్తేరమ్మే మాట్లాడింది. ఆయన "ఒక మాటమ్మా" అని మొదలుపెట్టినప్పుడల్లా ఆమె "నువ్వేం బాధపడొద్దన్నా, నేనుండా" అంటోంది. కూటంలో ఎవరెవరు ఆయన కోసం ఉపవాసం ఉన్నారో చెప్పింది. పోయిన శుక్రవారం ఒకామె లేచి, ఆ అన్నకు బెంగుళూరులో పని దొరికినట్టు కల వచ్చిందని సాక్ష్యం కూడా చెప్పిందట. ఆ మాట విన్నాక దేవసహాయం సీట్లో ఇంకాస్త కిందికి జారాడు.

మధ్యలో ఫోను మోగింది. మేరీ. ఆయన గబుక్కున కట్ చేశాడు. ఆ ఫోను కిందపడినప్పటినుంచీ చెవి దగ్గర పెట్టుకుంటే వినపడదు, స్పీకరులోనే గట్టిగా అరుస్తుంది. పడేసింది మేరీ అని ఆయన అంటాడు, జేబు చిరిగిన చొక్కాలో పెట్టుకున్నది ఎవరని ఆమె అంటుంది.

ఎర్రమంచి దగ్గర ఫ్యాక్టరీ ఆవరణలో కొత్త కార్లు వరసగా ఎండలో మెరుస్తున్నాయి. ఎస్తేరమ్మ అటు చూసి, "మా ఆనంద్‌ది ఒక్కటే గుణం అన్నా. నా దగ్గర ఏదీ దాచిపెట్టడు. చిన్నప్పుడు పలక పగలగొట్టినా వచ్చి చెప్పేటోడు" అంది.

"పిల్లలు అట్లనే ఉండాలమ్మా" అన్నాడు దేవసహాయం. ఆ మాట తనకే ముల్లై గుచ్చుకుంది.

ధర్మవరంలో దుకాణం ముందు చెప్పులు విడిచి లోపలికి పోయేసరికి పెళ్లి బేరం నడుస్తోంది. నల్లచెరువు నుంచి వచ్చినవాళ్లు, పరుపుల మీద చేరగిలబడి చీరలు విప్పిస్తున్నారు. కిషోర్ ఒక చీరను తన భుజాన వేసుకొని కుచ్చిళ్లు పట్టి చూపిస్తున్నాడు. సెలవు పెట్టిన దేవసహాయం బేరాన్ని వెంటబెట్టుకొచ్చాడనుకొని "రాండమ్మా, రాండి" అన్నాడు.

వేణుమాధవ్ తల ఎత్తాడు. ముందు ఎస్తేరమ్మ, వెనక దేవసహాయం. తెల్లపట్టు, మెరూన్ అంచు అని ఆయనకూ గుర్తొచ్చింది. మళ్లీ గొడవకే వచ్చిందనుకున్నాడు. తీసేశానన్న మనిషి ఇంకా ఇక్కడే ఉన్నాడని కనిపెట్టి, పట్టుకొని వచ్చిందనుకున్నాడు. చెయ్యి దానంతటదే లేచి కళ్లద్దాలు తీసి కౌంటర్ మీద పెట్టింది.

దేవసహాయం కాళ్లు ఆయన్ను అడగకుండానే కౌంటర్ ముందున్న ఆ చోటికి నడిచాయి. తల వంగింది. సెలవు రోజున, ఇస్త్రీ చొక్కాలో, కాబోయే వియ్యపురాలి ముందర ఆయన ఆ చోట నిలబడ్డాడు.

"ఏమయ్యా! నిన్ను తీసేసి ఏడాదైంది. మళ్లీ ఏ మొహం పెట్టుకొని ఈ గడప తొక్కినావు?" అని గద్దించాడు వేణుమాధవ్.

కిషోర్ భుజం మీది చీర జారి కిందపడింది.

"ఆయన్ను ఏమనొద్దు సార్, నేనే పిల్చుకొచ్చినా" అంది ఎస్తేరమ్మ. "ఆ పొద్దు కోపంలో నోరు జారినా. ఒక చీర కోసం ఒక మనిషి కూడు పోగొట్టినా. నా బిడ్డ పెండ్లి ఎట్లనో అయిపోయింది. ఆ చీర సంగతి నేను మరిచిపోయినా, మీరూ మరిచిపోండి. ఈ అన్నను మళ్లీ పనిలో పెట్టుకోండి సార్. మీకు పుణ్యం ఉంటాది."

వేణుమాధవ్‌కు అర్థం కావడానికి కొంచెం సేపు పట్టింది. ఈమె గొడవకు రాలేదు. బతిమాలడానికి వచ్చింది. పోనేపోని మనిషిని మళ్లీ తీసుకొమ్మని అడుగుతోంది. పరుపుల మీద నల్లచెరువువాళ్లు చీరలు వదిలేసి ఇటే చూస్తున్నారు. ఆయన కళ్లద్దాలు మళ్లీ పెట్టుకున్నాడు. మొహం విప్పారింది.

"సరేనమ్మా. అంత దూరం నుంచి వచ్చి అడిగినారు. నేనూ మనిషినే గదా. పొరపాటు ఎవరైనా చేస్తారు." దేవసహాయం వైపు తిరిగి గొంతు పెంచాడు. "దేవసహాయం! అమ్మగారి మొహం చూసి నిన్ను క్షమిస్తాండా. రేపటినుంచి పనిలోకి రా. ఇంకొకసారి ఇట్లాంటి తప్పు చేస్తే మాత్రం నేను ఊరుకునే మనిషిని కాదు. అమ్మకు దండం పెట్టు."

"సావుకారు మంచోడబ్బా" అంది నల్లచెరువు పెద్దామె, పక్కామెతో.

దండం పెట్టడానికి దేవసహాయం చేతులు సగందాకా లేచాయి. అక్కడ ఆగిపోయాయి.

తీసేసినన్ని రోజులూ ఆయన ఓర్చుకున్నాడు. అది ఆటని ఇద్దరికీ తెలుసు. ఆట అయ్యాక టీ ఉండేది, బోండా ఉండేది, "ఈ పొద్దు బాగా అరిచినానా?" అని వేణుమాధవ్ నవ్వుతూ అడగడం ఉండేది. ఇప్పుడు ఆ మొహంలోకి చూస్తే నవ్వు లేదు, సైగ లేదు. ఆయన నిజంగానే క్షమిస్తున్నాడు. ఇన్నేళ్లు వీడే, వీడేనని చెప్పీ చెప్పీ ఆ మాటను తనే నమ్మేసుకున్నాడు. తీసేయడం భరించాడు గానీ, చేయని తప్పుకు క్షమాపణ దొరకడం దేవసహాయం భరించలేకపోయాడు.

"దేనికి సార్?" అన్నాడు.

"ఏమి?"

"నన్ను క్షమిస్తాండారు గదా. దేనికి?"

వేణుమాధవ్ చెయ్యి మళ్లీ కళ్లద్దాల మీదికి పోయింది. ఈసారి దేవసహాయం తల వంచలేదు.

"నన్ను ఎప్పుడు తీసేసినారు సార్? నిన్న సాయంత్రం షట్టరు వేసింది నేనే గదా."

వేణుమాధవ్ కౌంటర్ మీదికి వంగి, గొంతు తగ్గించి, "ఊరుకో దేవసహాయం. అదంతా ఉత్తుత్తికే గదా. అమ్మ ముందర ఎందుకిప్పుడు?" అన్నాడు.

"ఉత్తుత్తికా?" అంది ఎస్తేరమ్మ.

దేవసహాయం ఆమె వైపు తిరిగాడు. కారులో చెప్పలేని మాట ఇక్కడ చెప్పడం ఆయనకు ఎందుకో సులువైంది.

"ఎవరు గొడవకొచ్చినా నన్ను తీసేస్తారమ్మా. వాళ్లు పోయినాక మళ్లీ పిలుస్తారు. నా పని పోలేదు. వేరే అంగడి లేదు. మీరు చీర పట్టుకొని పోయినప్పుడు నేను వెనక సందులో బోండా తింటాంటి. బయట ఆమె ఏడుస్తాందన్నా అని కిషోర్ వచ్చి చెప్పినాడు. అయినా తిన్నా."

ఎస్తేరమ్మ మెల్లగా వేణుమాధవ్ వైపు తిరిగింది.

"అయితే నా బిడ్డ చీర చెడగొట్టిందెవరు సార్?"

వేణుమాధవ్ చూపుడువేలు అలవాటుగా లేచింది. దేవసహాయం వైపు వచ్చి, దారి మూసుకుపోయినట్టు ఆగింది. అక్కడి నుంచి కిషోర్ వైపు తిరిగింది. కిషోర్ చీరల దొంతర వెనక్కి వంగి ఏదో వెతకడం మొదలుపెట్టాడు. వేలు బయట వీధి వైపు మళ్లింది.

"రంగులద్దేవాళ్లమ్మా. నేను చెప్తానే ఉంటా. వాళ్లనడిగితే నీళ్లు మంచివి కావంటారు. పెండ్లిండ్ల సీజన్లో దారం సరిగా ఉతికేదానికి టైం యాడుంటాది? అయినా మీరే గదమ్మా, పెండ్లి దగ్గరికొచ్చింది, తొందరగా కావాలని తొందర చేసింది?"

చివరికి వేలు వచ్చి ఎస్తేరమ్మ మీద నిలిచింది. పరుపు మీద నల్లచెరువు పెద్దామె వేలు నోట్లో తడుపుకొని, ఒళ్లోని చీర అంచును గట్టిగా రుద్ది చూసుకుంటోంది.

దేవసహాయం జేబులోంచి టేపు తీశాడు. చుట్ట చుట్టి కౌంటర్ మీద పెట్టాడు.

"ఇన్నేండ్లూ ఉత్తుత్తికే పోయినా సార్. ఈ పొద్దు నిజంగానే పోతాండా."

వెనక గుమ్మం వైపు తిరగబోయి, తన చెప్పులు ముందు వాకిట్లో ఉన్నాయని గుర్తొచ్చి ముందు నుంచే నడిచాడు. వెనక నుంచి వేణుమాధవ్ గొంతు వినపడింది.

"సాయంత్రం వస్తావు గదా?"

తిరుగు ప్రయాణంలో దేవసహాయం తన చేతులు చూసుకుంటూ కూర్చున్నాడు. ఉద్యోగం పోయింది. అది ఎట్లాగూ అలవాటే. సంబంధం కూడా పోయినట్టే. రేఖ మొహం ఎట్లా చూడాలో మాత్రం తెలియడం లేదు.

ఊళ్లు కొన్ని దాటాక ఎస్తేరమ్మ అడిగింది. "ఇంట్లోనే చెప్పుండొచ్చు గదన్నా?"

మేరీ పేరు నాలుక చివరిదాకా వచ్చింది. వచ్చినదాన్ని మింగేశాడు. "భయపడినానమ్మా. నా బిడ్డ ఈ సంబంధం కావాలని అడిగింది. చెప్తే యాడ తప్పిపోతాదో అనుకున్నా."

"వేరే అంగడని అన్నదెవరో నేనూ విన్నాలే." ఆమె కిటికీలోంచి బయటికి చూసింది. ఉన్నట్టుండి నవ్వింది. నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది. "ఏడాది పొడుగునా ప్రార్థన చేసినాం. దేవునికి ఎంత నవ్వొచ్చిందో. ఇప్పుడేమో నిజంగానే పని పోయినాది. ఇంక ఆపేదానికి గూడా లేదు."

దేవసహాయం కూడా నవ్వబోయాడు గానీ నవ్వు రాలేదు.

"నాకు నీ మీద కోపం లేదని చెప్పనన్నా. ఉండాది. ఇంకొన్నాళ్లు ఉంటాది. అయినా నీ మీదికి తెచ్చుకొని నిజం చెప్పినావు. మేరీ పేరు గూడా ఎత్తలేదు. అట్లాంటి ఇంటి పిల్ల మా ఇంటికి రావాలనే నాకుండాది. మా ఆనంద్ గూడా…"

ఫోను మోగింది. దేవసహాయం ఫోను తెర మీద ఆనంద్ పేరు. కట్ చేయబోయిన దేవసహాయాన్ని ఎస్తేరమ్మ వారించింది. "ఎత్తన్నా. ఏమైందోనని కాచుకొనుంటాడు." ఆయన ఎత్తాడు. హలో అనే వ్యవధి కూడా ఇవ్వకుండా ఆనంద్ గొంతు కారంతా నిండిపోయింది.

"మామా, అమ్మ దుకాణంలో ఉంటే మీరు బయటికొచ్చి వినండి. అమ్మకు తెలిసిపోయిందా? ఆ తీసేయడం ఉత్తుత్తిదేనని, ఆ అన్న మీరేనని రేఖ నాకు ఎప్పుడో చెప్పింది మామా. అమ్మ శుక్రవారం శుక్రవారం అట్ల ఏడుస్తాంటే నేను చెప్పలేకపోయినా. ఇప్పుడు నాకు ముందే తెలుసంటే ఊరుకోదు. అడిగితే రేఖ నా దగ్గర దాచిపెట్టిందని చెప్తా, మీరూ ఔననండి. లేకుంటే అంతా మీ మీదనే వేసుకోండి మామా. మీకు అలవాటే గదా."

సీటు మీద పెట్టిన ఎస్తేరమ్మ చెయ్యి మెల్లగా పిడికిలి అయింది.

దేవసహాయానికి కౌంటర్ ముందరి ఆ చోటు కళ్లలో మెదిలింది. ఇందాక తాను టేపు పెట్టి వచ్చిన చోటు. అక్కడ తలవంచుకొని నిలబడి రేఖ కనిపించింది. రేపు ఆ ఇంట్లో పాలు పొంగినా, బస్సు తప్పిపోయినా, ఇంకేం జరిగినా వేలు ఎటు తిరుగుతుందో ఆయనకు తెలిసినంతగా ఎవరికీ తెలియదు. ఈ సంబంధం తప్పిపోతుందేమోనని పొద్దుటినుంచీ వణికిన మనిషికి ఇప్పుడు కుదిరిపోతుందేమోనని భయం వేసింది. ఆ పిల్ల అడిగిన ఒక్కటీ ఇదే కదా అని గుర్తొచ్చి ఇంకా భయం వేసింది.

"మామా? వినపడతాందా?"

దేవసహాయం ఎస్తేరమ్మ వైపు చూశాడు. ఆమె తల అటు తిప్పుకుంది. జవాబు ఆయనకే వదిలేసింది.

"వినపడింది బాబూ. మీ అమ్మకు గూడా వినపడింది" అన్నాడు దేవసహాయం. "ఫోను రేఖకియ్యి."